అన్నయ్య దాచిన నిశ్శబ్దం

చెంచా చప్పుడు దగ్గర కథ ఆపేసినందుకు పోయిన వారమంతా నన్ను తిట్టుకున్నవాళ్ళు ఉండే ఉంటారు. తిట్టుకోండి, పడతాను. ఆ చప్పుడు గురించి రాశాక ఇంకో వాక్యం రాయడానికి నాకు చెయ్యాడలేదు.

ఇవాళే ఈ కథలోకి వచ్చినవాళ్ళకి నాలుగు ముక్కల్లో చెప్పేస్తాను. మా అన్నయ్య దెయ్యాల సినిమాలు తీసే డైరెక్టరు. నేను ఆ దెయ్యాలకి గొంతునిచ్చే డబ్బింగ్ ఆర్టిస్టుని. ఆయన తీసిన ప్రతి సినిమాలోనూ ఏడ్చిందీ, నవ్విందీ, చీకట్లోంచి పిలిచిందీ నేనే. మా ఆయన కొత్తవాళ్ళకి నన్ను పరిచయం చేస్తూ "మా ఇంటి దెయ్యం" అంటారు. వాళ్ళు నవ్వాలో వద్దో తెలియక ఓసారి నా పాదాలకేసి చూస్తారు.

వరసగా రెండు సినిమాలు పోయాక అన్నయ్యకి ఇది ఆఖరి అవకాశం. కిందటేడాది నా గొంతుకి ఆపరేషనైంది. అప్పట్నుంచీ స్వరం గరగరలాడుతోంది. వేరే గొంతు పెట్టుకుందామని నిర్మాత ఎంత మొత్తుకున్నా అన్నయ్య వినలేదు, నేనే కావాలని కూర్చున్నాడు. సరే కదా అని వెళ్ళాను. ఆఖరి సీను చెప్పడానికి మైకు ముందు నిలబడితే, హెడ్‌ఫోన్లలో, సినిమాలోని నిశ్శబ్దం వెనకాల ఎవరో స్టీలు గ్లాసు మీద చెంచాతో కొడుతున్నారు. ఆ కొట్టే తీరు నాకు తెలుసు. అది మా అమ్మ. అమ్మ పోయి ముప్ఫై ఏళ్ళు దాటింది.

హెడ్‌ఫోన్లు పీకి అవతల పెట్టి, "మా అన్నయ్యని పిలవండి" అన్నాను. కథ అక్కడుంది.

అన్నయ్య వచ్చేలోపు మీకో సంగతి చెప్పాలి. సినిమాలో నిశ్శబ్దాన్ని కూడా రికార్డు చేస్తారని బయటివాళ్ళకి తెలియదు. ప్రతి గదికీ తనదంటూ ఒక నిశ్శబ్దం ఉంటుంది. అందుకే షూటింగ్ అయిపోయాక అందర్నీ ఎక్కడివాళ్ళనక్కడ కదలకుండా నిలబెట్టి, ఖాళీగా కాసేపు రికార్డు చేస్తారు. ఎంత పెద్ద హీరో అయినా సరే, తుమ్మొస్తే ముక్కు పట్టుకోవాల్సిందే. మాటకీ మాటకీ మధ్య ఆ నిశ్శబ్దం పరవకపోతే చెవిలో చిల్లుపడ్డట్టు ఉంటుంది.

మా అన్నయ్య ఎన్ని బంగళాలు, ఎన్ని ఆసుపత్రులు అద్దెకి తీసుకుని తీసినా, సినిమా మొత్తంలో ఒక్క సీనుకి మాత్రం ఒకే ఒక పాత టేపు వాడతాడు. మొదటి సినిమా నుంచీ అంతే. ఆ సీనులో దెయ్యం ఉండదు, సంగీతం ఉండదు. ఓ ఖాళీ గది, మూసిన తలుపు, అంతే. హాల్లో జనం మాత్రం పక్కనున్నది ఎవరో కూడా చూసుకోకుండా చేతులు పట్టేసుకునేవారు. ఏం చూసి భయపడ్డారో చెప్పమంటే ఒక్కళ్ళూ చెప్పలేకపోయేవారు. ఆ సీనే ఆయన్ని డైరెక్టర్ని చేసింది. "ఈయన నిశ్శబ్దం కూడా భయపెడుతుంది" అని పత్రికలవాళ్ళు రాసిన ముక్కని నిర్మాతలు పోస్టర్ల మీద వేసుకున్నారు. ఆ సీను వచ్చేసరికి మాత్రం ఆయన లేచి బయటికి పోయేవాడు. సెంటిమెంటు కాబోలనుకున్నాం. గోడ మీద బల్లిని చూసి మంచమెక్కే మనిషి, తన సినిమాకి తనే భయపడుతున్నాడని నేను వెక్కిరించేదాన్ని కూడా.

ఈసారి ఆ టేపుని దెయ్యం మాట్లాడే ఆఖరి సీనుకే వాడుతున్నాడు. ఇప్పుడు హాళ్ళలో నాలుగువైపులా స్పీకర్లు వచ్చాయి. ఆ పాత టేపు వాటిలో మరీ బుసబుసలాడుతోందని మా సౌండ్ ఇంజినీరు దాన్ని కంప్యూటర్లో వేసి శుభ్రం చేశాడు. ఇతన్ని పరిశ్రమలో అందరూ చెవులు అని పిలుస్తారు, నేనూ అలాగే పిలుస్తాను. పాపం చెవులు, మకిలి వదిలిద్దామని తోమితే కింద నుంచి మా అమ్మ బయటపడింది.

అన్నయ్య తలుపు తోసుకుని లోపలికి వచ్చాడు. అద్దానికి అవతల నేను నిలబడే చిన్న గది, ఇవతల చెవులు కూర్చునే బల్ల, మీటలు. నేనప్పటికే ఇవతలికి వచ్చేశాను. కిటికీలు లేవు. బయట పట్టపగలైనా లోపల ఎప్పుడూ అదే పసుప్పచ్చ లైటు, గోడలకి అంటించిన గుడ్డ వాసన. అన్నయ్య నా మొహం చూశాడు, చెవులు మొహం చూశాడు, తలుపు మెల్లిగా మూశాడు.

"విన్నావా?" అన్నాడు.

ఏమైందని అడగలేదు. దానికే నాకు ఒళ్ళు మండింది.

"అంటే నీకు తెలుసన్నమాట."

"తెలుసు."

"ఎప్పట్నుంచి?"

"మొదట్నుంచీ."

చెవులు లేచి నిలబడి, "నేనలా బయటికెళ్ళి టీ తాగొస్తా సార్" అన్నాడు.

"నువ్వెక్కడికీ పోకు. కూర్చో. నీ అవసరం ఉంది" అన్నాడు అన్నయ్య.

అమ్మకి పక్షవాతం వచ్చి మాట పడిపోయాక, మంచం పక్కన స్టూలు మీద ఒక స్టీలు గ్లాసు, ఒక చెంచా ఉండేవి. ఒక్క దెబ్బ కొడితే మంచినీళ్ళు. ఆగి ఆగి కొడితే పక్క మార్చాలి. ఆపకుండా కొడుతూనే ఉంటే, నాకు భయమేస్తోంది, వచ్చి పక్కన కూర్చోండి అని. మా ముగ్గురి మధ్యా అదే భాష. చుట్టాలొచ్చి "ఏమంటోందే మీ అమ్మ?" అంటే మేం చెప్పాల్సి వచ్చేది. హెడ్‌ఫోన్లలో నేను విన్న చెంచా ఆపకుండా కొడుతోంది.

అమ్మ పోయిన మధ్యాహ్నం నేను ఇంట్లో లేను. నాకు మొట్టమొదటి డబ్బింగ్ ఆ రోజే దొరికింది, ఊరికి ఆ చివర. తిరిగొచ్చేసరికి గుమ్మంలో జనం. అన్నయ్య నా రెండు చేతులూ పట్టుకుని, "నిద్రలోనే పోయిందే. ఒక్క చప్పుడు కూడా చెయ్యలేదు" అన్నాడు. ఆ ఒక్క మాట ఆసరాగా ఇన్నేళ్ళూ కంటినిండా నిద్రపోయాను నేను.

"చప్పుడు చెయ్యలేదన్నావు" అన్నాను. "నా చేతులు పట్టుకుని చెప్పావు అన్నయ్యా."

"అన్నాను."

"అమ్మ అలా కొడుతుంటే నువ్వెక్కడున్నావు?"

ఆయన కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. కళ్ళజోడు తీసి చొక్కాకి తుడుచుకుని మళ్ళీ పెట్టుకోలేదు. ఎప్పుడో చెప్పడానికి సిద్ధం చేసుకున్న మనిషిలా, ఎక్కడా తడుముకోకుండా చెప్పాడు. అప్పటికి ఆయన చేతిలో ఒక చిన్న సినిమా ఉంది, స్నేహితులంతా కలిసి తీసింది. దానికో ఖాళీ గది నిశ్శబ్దం కావాలి. ఎవర్నో బతిమాలి రికార్డరు తెచ్చాడు. మా ఇంట్లో వీధి చప్పుడు వినపడని గది అమ్మది ఒక్కటే. అన్నం తిన్నాక ఆవిడ ఎలాగూ పడుకుంటుంది. రికార్డరు కిటికీలో పెట్టి మీట నొక్కాడు. తను ఉంటే తన ఊపిరి కూడా పడుతుందని బయటికొచ్చాడు. మధ్యలో పక్కింటావిడ వచ్చి పిలిస్తే టేపు పాడవుతుందని వీధి తలుపుకి తాళం వేశాడు. వేసి, టీ కొట్టు దగ్గర కూర్చున్నాడు.

"టేపు అయిపోయే వేళకి వచ్చి తాళం తీశాను. అప్పటికే..." అన్నాడు.

"నిశ్శబ్దం కోసం అమ్మని లోపల పెట్టి తాళం వేశావా?"

"వేశాను."

నేను అరిచాను. గొంతు జాగ్రత్త అని డాక్టరు చెప్పిందంతా గాలికొదిలేసి అరిచాను. "అమ్మ భయపడి పిలిచిందిరా! పిలిస్తే పలికే దిక్కు లేక పోయింది! నువ్వు ఆ భయాన్ని తీసుకెళ్ళి టిక్కెట్టు పెట్టి అమ్ముకున్నావు! ప్రతి సినిమాలోనూ! నాచేత దాని పక్కనే ఏడిపించి, నవ్వించి! ఛీ, నువ్వు మనిషివేనా?" నా జన్మలో ఆయన్ని రా అన్నది ఆ ఒక్కసారే.

ఆయన తల వంచుకునే విన్నాడు. "పారెయ్యలేకపోయానే చిట్టీ" అన్నాడు. ఇంట్లో నన్ను అలా పిలిచేది ఇంక ఆయనొక్కడే. "పారేద్దామంటే అమ్మ ఆఖరి చప్పుడు. ఉంచుకుందామంటే ఒక్కణ్ణే వినలేకపోతున్నాను. సినిమాలో పెడితే నాతోపాటు అందరూ వింటారు కదా అనుకున్నా. చెవికి అందీ అందనంత సన్నగా పెట్టాను. ఎవరికీ తెలియదు, కానీ ఒంటికి తెలుస్తుంది. హాలు మొత్తం నాలాగే వణుకుతుంటే, కాస్త... ఏమో, కాస్త ఊపిరాడేది."

చెవులు ముక్కు చీదుకున్నాడు. నాకు జాలి వెయ్యలేదు. ఆ క్షణాన ఒక్క రవ్వ కూడా వెయ్యలేదు, ఉన్నమాటే చెబుతున్నాను.

"నేనీ సినిమా చెయ్యను" అని నా సంచీ తీసుకున్నాను.

"కూర్చో. ఇంకా ఉంది" అన్నాడు అన్నయ్య. "అమ్మ ఒంటరిగా పోలేదు. నువ్వు వచ్చావుగా."

"ఎక్కడికొచ్చాను?"

"ఆ గదిలోకి. రెండో తాళంచెవి నీ దగ్గరుండేదిగా. దాంతో తలుపు తీసుకుని వచ్చావనుకున్నాను. వచ్చి కూర్చుని, నేనొచ్చేలోపు వెళ్ళిపోయావనుకున్నాను. నన్ను బాధపెట్టడం ఇష్టంలేక తెలియనట్టు ఉన్నావనుకున్నాను. అందుకే ఇన్నేళ్ళూ నిన్ను అడగలేదు."

నాకు నవ్వొచ్చింది, ఏడుపొచ్చింది, రెండూ కలిపి దగ్గొచ్చింది. "మతి పోయిందా నీకు? ఆ తాళంచెవి అంతకుముందెప్పుడో బస్సులో పోగొట్టుకున్నానని నీచేత చీవాట్లు తిన్నాను, మర్చిపోయావా? ఆ మధ్యాహ్నమంతా మైకు ముందే ఉన్నాను."

"మర్చిపోలేదు. మర్చిపోవాలనుకున్నాను" అన్నాడు. జేబులోంచి ఒక క్యాసెట్టు తీశాడు. అంచులు అరిగిపోయి ఉన్నాయి. "సినిమాల్లో వాడింది ముందు సగమే. ఇది ఎవరికీ వినిపించలేదు. చెవులూ, పెట్టు."

మూలనున్న పాత టేపు మిషను మీద దుమ్ము ఊది చెవులు క్యాసెట్టు పెట్టాడు. గదిలో బుసబుస మొదలైంది. దాని అడుగున చెంచా. ఠంగ్ ఠంగ్ ఠంగ్ మని ఆపకుండా కొడుతోంది. నేను బల్ల అంచు పట్టుకుని నిలబడ్డాను. వినలేననిపించింది, కాని ఆ గదిలో అమ్మని మళ్ళీ ఒక్కదాన్నే వదిలేసి ఎలా వెళ్ళను?

ఉన్నట్టుండి కిర్రుమని కుర్చీ లాగిన చప్పుడు. ఎవరో కూర్చున్నారు. తర్వాత ఒక ఆడగొంతు, చాలా దగ్గర నుంచి:

"అమ్మా. వచ్చాను. ఇంక భయపడకు."

చెంచా ఆగిపోయింది. ఆ తర్వాత బుసబుస తప్ప ఇంకేం లేదు. అంత ప్రశాంతమైన నిశ్శబ్దం నేనెక్కడా వినలేదు. చివర్లో, దూరంగా, తాళం తీస్తున్న చప్పుడు.

చెవులు నావైపు తిరిగాడు. అతని నోరు తెరుచుకునే ఉంది. "అక్కా, ఇది పాత టేపేంటి? ఈ మధ్య రికార్డు చేసిందే కదా?"

"ఎందుకలా అంటున్నావు?" అన్నాను. నాకు తెలిసే అడిగాను.

"గొంతు మీదే. కానీ ఇప్పటి గొంతు. 'అమ్మా' అనే దగ్గర రెండుగా చీలింది చూడండి."

నా చెయ్యి దానంతటదే మెడ మీద మచ్చ దగ్గరికి పోయింది. ఆపరేషనయ్యాక పదాన్ని కాస్త సాగదీస్తే నా స్వరం రెండుగా చీలుతుంది, ఒకటి పైకీ ఒకటి కిందికీ. అది ఇంక బాగుపడదని డాక్టరు చెప్పేశాడు. ఆ మధ్యాహ్నం ఊరి చివర మైకు ముందు నిలబడిన పిల్లది లేత గొంతు. దానికి మచ్చా లేదు, గరగరా లేదు.

"టేపు సాగిపోయి అలా ముసలి గొంతులా వస్తోందేమో అని సర్దిచెప్పుకున్నాను" అన్నాడు అన్నయ్య. "కిందటేడాది ఆసుపత్రిలో, కట్టు విప్పాక నువ్వు మొదటిసారి నన్ను పిలిచావు చూడు..."

ఫ్లాస్కు! అన్నయ్యా అని నేను పిలవగానే ఆయన చేతిలోంచి ఫ్లాస్కు జారి నేలంతా కాఫీ అయింది. చెయ్యి కాలిందేమో అని నేను కంగారుపడితే, ఆయన నాకేసి చూస్తూ నిలబడిపోయాడు. దెయ్యాల గొంతు విని విని అలవాటైపోయిన మనిషికి ఇదేం భయమని నవ్వుకున్నాను అప్పుడు.

"అప్పుడు తెలిసింది ఆ గొంతు ఎప్పటిదో" అన్నాడు. "అందుకే ఈ సినిమా తీశాను. చెబితే నన్ను పిచ్చాసుపత్రిలో పడేస్తావని చెప్పలేదు. కథా, హీరోయినూ, ఇల్లూ అన్నీ ఊరికే. ఆఖరి సీనులో నీ డైలాగు చూసుకో."

బల్ల మీద నా డైలాగు కాగితం పడి ఉంది. నిన్ననే చదివాను, పట్టించుకోలేదు. దెయ్యం తాలూకు ఆఖరి మాట: "అమ్మా. వచ్చాను. ఇంక భయపడకు."

మీరైతే ఏం చేసేవాళ్ళో నాకు తెలియదు. నాకు మాత్రం కోపమే వచ్చింది. భయమేసినప్పుడల్లా నాకు కోపమే వస్తుంది, అది నా జబ్బు. "నీ సినిమా బతకడానికి నన్ను ఎక్కడిదాకా లాగుతావు?" అన్నాను. "ఎవరి గొంతో అతికించి నన్ను మాయ చేద్దామనుకున్నావా? ఆ మాట నేను అనను. చచ్చినా అనను. ఆ క్యాసెట్టూ నువ్వూ కలిసి ఏ గంగలోనైనా దూకండి."

తలుపు దాకా వెళ్ళాను. వెనకాల చెవులు టేపు తిప్పుతున్న చప్పుడు. "ఒక్కసారి, ఆ చీలిక ఇంకోసారి విందాం సార్" అంటున్నాడు. వీడొకడు, కొంప మునుగుతున్నా వీడి చెవుల గోల వీడిది.

మళ్ళీ చెంచా మొదలైంది. నేను గొళ్ళెం మీద చెయ్యేసి ఆగిపోయాను. కుర్చీ లాగే చోటు వచ్చింది. కుర్చీ చప్పుడు రాలేదు.

"అదేంటి?" అన్నాడు చెవులు.

చెంచా కొడుతూనే ఉంది. గొంతు రావాల్సిన చోటు వచ్చింది, పోయింది. గొంతు లేదు. ఠంగ్ ఠంగ్ మని అమ్మ కొడుతూనే ఉంది. చెయ్యి నొప్పెడుతున్నట్టు దెబ్బలు తడబడుతున్నాయి. ఒకటి గ్లాసుకి తగలకుండా స్టూలుకి తగిలింది. అయినా ఆపలేదు. తాళం తీసే చప్పుడు దాకా అలా కొడుతూనే ఉంది.

"చెరిపేశావా?" అని అన్నయ్య చెవులు భుజం పట్టుకుని కుదిపేశాడు. ఆయన అలా అరవగా నేనెన్నడూ వినలేదు. "ఏం నొక్కావురా? ఏం నొక్కావు?"

"ఏం నొక్కలేదు సార్! మా పిల్లల మీద ఒట్టు!"

అన్నయ్య నావైపు తిరిగాడు. అరవై దగ్గర పడుతున్న మనిషి, ఊరంతటినీ వణికించిన మనిషి, చిన్నపిల్లాడిలా రెండు చేతులూ చాచాడు. "నువ్వు అననన్నావు" అన్నాడు. "నువ్వు అననన్నావు కాబట్టే. చిట్టీ, నన్ను తిట్టు, కొట్టు, మళ్ళీ నా మొహం చూడకు. నాకు సినిమా అక్కర్లేదు. కానీ అమ్మ... అక్కడ ఎవరూ లేరే. తాళం వేసుంది."

సంచీ ఎక్కడ పడేశానో గుర్తులేదు. అద్దం అవతలి గదిలోకి పరుగెత్తాను. హెడ్‌ఫోన్లు పెట్టుకున్నాను. "టేపు తిప్పు!" అని అరిచాను. ఎర్ర లైటు వెలిగింది.

బుసబుస. చెంచా.

మామూలుగా నేను నిలబడే డబ్బింగ్ చెబుతాను. కూర్చుంటే దెయ్యానికి ఊపిరి చాలదు. మూలన ఒక కుర్చీ ఉంటుంది, నా సంచీ తప్ప దానిమీద ఇన్నేళ్ళలో ఏదీ కూర్చోలేదు. అమ్మ పిలుస్తున్నది పక్కన కూర్చోమని. కుర్చీ అందుకుని మైకు దగ్గరికి లాగాను. అది కిర్రుమంది.

అద్దం అవతల అన్నయ్య రెండు చేతులతో నోరు మూసుకున్నాడు. అదే కిర్రు, కాసేపటి కిందట ముగ్గురం విన్నదే.

కూర్చున్నాను. చెంచా చప్పుడు ఇప్పుడు హెడ్‌ఫోన్లలోంచి రావడం లేదు. నా ఎడమ పక్కన, చెయ్యి చాస్తే అందేంత దూరంలో, మంచం ఎత్తులో వినిపిస్తోంది. ఆ పక్కకి తిరిగే ధైర్యం నాకు లేదు. మందుల వాసన, అమ్మ తలకి రాసే నూనె వాసన తెలుస్తున్నాయి. ఊపిరి తీసుకుని పెదవులు తెరిచాను.

చెంచా ఆగిపోయింది.

టేపులో అది నా మాటయ్యాకే ఆగింది. నేనింకా ఒక్క మాట కూడా అనలేదు.